స్టంట్‌కు ఆస్కార్ ఎప్పుడో వచ్చింది, ఆ ఫ్యాన్ యంత్రం సంగతీ రాయండి

సంపాదకులకు,

అయ్యా,

స్టంట్ విభాగానికి ఆస్కార్ ఇవ్వబోతున్నారంటూ గత ఆదివారం మీ సినిమా పేజీలో వచ్చిన కథనం, ఫైట్లలో తాళ్లు కట్టి లాగే రోప్ పనివాళ్లం, చదివాం. వార్త నిజమే. 2025 ఏప్రిల్‌లో ఆస్కార్లు ఇచ్చే అకాడమీ ఆ మాట ప్రకటించింది. 2027లో విడుదలయ్యే సినిమాలకు 2028లో జరిగే నూరో వేడుకలో తొలి అవార్డు ఇస్తారు. అయితే "ఇన్నేళ్లలో ఆస్కార్ వాళ్లు స్టంట్ వాళ్ల వైపు కన్నెత్తి చూడలేదు" అన్న వాక్యం మాత్రం సరికాదు. ఏటా పోటీ పెట్టి ఇచ్చే అవార్డు లేకపోవచ్చు గానీ గౌరవ పురస్కారాలూ, సాంకేతిక పురస్కారాలూ స్టంట్ వాళ్లకు దక్కాయి. 1967 వేడుకలో యాకిమా కనట్‌కు, 2012లో హాల్ నీధమ్‌కు గౌరవ ఆస్కార్లు ఇచ్చారు. ఇద్దరూ అమెరికన్లు. ఈ ఇద్దరికీ మధ్య, 2001లో, విక్ ఆర్మ్‌స్ట్రాంగ్ అనే బ్రిటిష్ స్టంట్‌మ్యాన్‌కు సాంకేతిక పురస్కారం వచ్చింది. మీ కథనంలో ఆయన పేరు ఉంది, "ఇండియానా జోన్స్ డూప్, భయమంటే ఎరగని మనిషి" అని ఒక్క ముక్కలో తేల్చేశారు. అవార్డు ఊసే లేదు. అది ఎత్తు నుంచి దూకేవాణ్ని తీగ మీద అదుపు తప్పకుండా దించే ఫ్యాన్ డిసెండర్ అనే యంత్రాన్ని సినిమా పనికి తగ్గట్టు మెరుగుపరిచి, వాడుకలోకి తెచ్చినందుకు ఇచ్చిన అవార్డు. భయం ఎరగని మనిషికి అలాంటి యంత్రంతో పనేముంటుంది?

ఆ యంత్రం విలువ తెలియాలంటే ముందు పడటం లెక్క తెలియాలి. 10 మీటర్ల ఎత్తు, అంటే దాదాపు మూడంతస్తుల మేడ మీద నుంచి పడే మనిషి నేల చేరేసరికి గంటకు 50 కిలోమీటర్ల వేగంలో ఉంటాడు. ఆ ప్రయాణానికి సెకనున్నర కూడా పట్టదు. 30 మీటర్లయితే గంటకు 87 కిలోమీటర్లు, రెండున్నర సెకన్లు. ఎముక విరగడానికి ఈ వేగం ఒక్కటే కారణం కాదు, ఆ వేగాన్ని ఎంత దూరంలో చంపుతున్నారన్నదే అసలు సంగతి. 10 మీటర్లు పడ్డవాణ్ని రెండు మీటర్ల మెత్తదనంలో ఆపితే ఒంటి మీద సగటున అతని బరువుకు ఐదారు రెట్ల ఒత్తిడి పడుతుంది. ఒక్క మీటరులో ఆపితే పది రెట్లు దాటుతుంది. అరడుగు స్పాంజి మీద ఆపితే అరవై రెట్ల పైమాటే. అందుకే "కింద బెడ్డు వేశాంలే" అన్న మాటకు స్టంట్‌లో విలువ లేదు. ఎంత మందం, ఎంత వెడల్పు, దేనితో చేసింది అన్నది చెప్పాలి.

పాత పద్ధతి అట్టపెట్టెలు. ఇప్పటికీ చాలాచోట్ల అవే. చవక, ఎక్కడైనా దొరుకుతాయి, సరిగ్గా పేరిస్తే నమ్మకంగా పనిచేస్తాయి. పెట్టెలు ఖాళీగా, పొడిగా ఉండాలి, మూలలు నలగకుండా ఉండాలి. పెట్టె కుప్పకూలేటప్పుడు లోపలి గాలి బయటికి పోవాలి కాబట్టి మూతలకు టేపు బిగించి అతికించరు, మడిచి వదిలేస్తారు. వరుసకూ వరుసకూ నడుమ విప్పిన అట్టలు పరుస్తారు. అవి లేకపోతే మోకాలో మోచెయ్యో రెండు పెట్టెల సందులోంచి జారి నేరుగా నేలను కొడుతుంది. పైన పరుపులు, వాటి మీద టార్పాలిన్, చుట్టూ తాడు. ఆ తాడు మరిచిపోతే మనిషి పడగానే పెట్టెలు పక్కలకు జారిపోతాయి, అతను నడుమ దిగబడిపోతాడు. రాత్రి మంచుకు తడిసిన పెట్టెలు చూడటానికి బాగానే ఉంటాయి గానీ మనిషి పడితే ఏమీ ఆపవు. ఒకసారి నలిగిన పెట్టెను రెండో టేకుకు వాడటం అన్నిటికన్నా పెద్ద తప్పు. నిర్మాణం వాళ్లు ఖర్చు మిగిల్చేది సరిగ్గా అక్కడే.

ఆ తర్వాత ఎయిర్‌బ్యాగు వచ్చింది. మంచి బ్యాగులో రెండు గదులుంటాయి. పైది మెత్తగా ఉండి ముందు లొంగుతుంది, కిందిది గట్టిగా ఉండి చివర ఆపుతుంది. పక్కల గాలి పోవడానికి కిటికీల లాంటి కంతలుంటాయి, గాలి నింపే బ్లోయర్లు ఆగకుండా తిరుగుతుంటాయి. పడేవాడు వీపు మీద, బ్యాగు నట్టనడుమ పడాలి. కాళ్లు ముందు తగిలితే మోకాళ్లు వచ్చి మొహాన్ని కొడతాయి. అంచున పడితే బ్యాగు ఆపదు, బయటికి విసురుతుంది. ఎత్తు పెరిగేకొద్దీ గాలి మనిషిని పక్కకు తోస్తుంది, పైనుంచి చూస్తే బ్యాగు చిన్నదైపోతుంది. వీటన్నిటినీ మించి కెమెరామన్‌కు ఒక బాధ ఉంది. పడే మనిషి వెనకాలే పైనుంచి కిందికి చూపిస్తే ఫ్రేములో బ్యాగు కనబడిపోతుంది. అందుకే దూకడం ఒక షాటు, నేల మీద పడి ఉండటం ఇంకో షాటు. ప్రేక్షకుడికి ఆ అతుకు తెలిసిపోతుంది.

ఫ్యాన్ డిసెండర్ ఆ అతుకును తీసేసింది, దీంతో దిగే మనిషికి కింద బ్యాగు అక్కర్లేదు. దీని మూలం సినిమాల్లో లేదు. రెండో ప్రపంచ యుద్ధ కాలంలో మాంచెస్టర్ దగ్గర రింగ్‌వేలో బ్రిటిష్ వైమానిక దళం పారాచూట్ సైనికులకు శిక్షణ ఇచ్చేది. హ్యాంగరు పైకప్పు కింద ఒక అరుగు, దాని పైన ఒక డ్రమ్ము, డ్రమ్ముకు చుట్టిన ఉక్కు తీగ, డ్రమ్ము ఇరుసుకు బిగించిన ఫ్యాను రెక్కలు. సైనికుడు నడుముకు పట్టీలు కట్టుకుని దూకుతాడు. బావి గిలక మీద చేద జారినట్టు తీగ జారుతుంది, డ్రమ్ము తిరుగుతుంది, దానితోపాటు ఫ్యానూ తిరుగుతుంది. ఫ్యాను పని గాలి కొట్టడం కాదు, గాలిని ఎదుర్కోవడం. అదే బ్రేకు.

దీంట్లో తెలివంతా ఎక్కడుందంటే, గాలి ఎదురు వేగంతో పాటు సమానంగా పెరగదు, వేగం రెట్టింపైతే ఎదురు నాలుగింతలవుతుంది. కాబట్టి దూకినవాడు మొదట వేగం అందుకుంటాడు, ఒక దశ దగ్గర ఫ్యాను ఎదురూ అతని బరువూ సరిసమానమవుతాయి, ఇక అక్కణ్నుంచి ఒకే వేగంతో దిగుతాడు. రాపిడి బ్రేకుకు ఉండే వేడెక్కి జారిపోయే జబ్బు దీనికి లేదు. ఎవరూ చేత్తో పట్టుకోనక్కర్లేదు. రెక్కల సైజు, వాలు మార్చి వేగాన్ని ముందే నిర్ణయించుకోవచ్చు.

ఇక్కడ తప్పులు జరగవా అంటే, జరుగుతాయి. 60 కిలోల మనిషి సెకనుకు 8 మీటర్ల వేగంతో దిగేలా రెక్కలు బిగించి, అదే అమరికలో 80 కిలోల మనిషిని దింపితే అతను 9.2 మీటర్ల వేగంతో వస్తాడు. బట్టలు, బూట్లు, లోపలి హార్నెస్ (ఒంటికి బిగించే పట్టీలు), చేతిలోని తుపాకీ, అన్నీ బరువులోకే వస్తాయి. అందుకే కాస్ట్యూముతో సహా తూకం వేసి, అంతే బరువున్న ఇసుక బస్తాను ముందు దింపి చూస్తారు. డ్రమ్ము మీద తీగ పొరలు పొరలుగా చుట్టి ఉంటే ఇంకో మెలిక ఉంది. తీగ విడిపోయేకొద్దీ చుట్టు వ్యాసార్ధం తగ్గుతుంది, అదే వేగానికి ఫ్యాను ఇంకా జోరుగా తిరగాల్సి వస్తుంది, మనిషి నెమ్మదిస్తాడు. వ్యాసార్ధం 20 సెంటీమీటర్ల నుంచి 16కు తగ్గితే వేగం నాలుగో వంతుకు పైగానే పడిపోతుంది. నేల దగ్గర అది మంచిదే గానీ, ఎన్ని పొరలు చుట్టామో లెక్క లేకపోతే పైన అనుకున్న వేగం ఒకటి, కింద కనిపించేది ఒకటి. తెర మీద ఇంకా జోరు కావాలంటే మనిషిని తొందరపెట్టరు. సెకనుకు 24 బదులు 20 ఫ్రేములు తీస్తారు, చూసేవాళ్లకు ఐదో వంతు వేగం పెరిగినట్టు ఉంటుంది.

తీగ మాటా చెప్పాలి. ఈ యంత్రం సినిమాల్లోకి వచ్చిన రోజుల్లో కంప్యూటర్‌తో తీగ చెరిపే వీల్లేదు, కాబట్టి సన్నగానే ఉండాలి. మనుషుల్ని వేలాడదీసే తీగకు బరువుకు పది రెట్లు తెగని బలం ఉండాలన్నది తాళ్లు, తీగలు కట్టే రిగ్గింగు పనిలో మామూలు నియమం. 80 కిలోల మనిషికి 800 కిలోలు. మంచి రకం 4 మిల్లీమీటర్ల ఉక్కు తీగ ఆ పాటి మోస్తుంది. అయితే ఆ బలం తిన్నగా ఉన్న తీగది. ముడి వేసినా, చిన్న పుల్లీ మీద పదునుగా వంచినా, ఒక్క పోగు తెగినా లెక్క మారిపోతుంది. అందుకే చివర ముడి వేయరు, తీగను థింబుల్ అనే లోహపు వంపు చుట్టూ మడిచి, ఫెర్రూల్ అనే చిన్న లోహపు గొట్టంతో నొక్కి బిగిస్తారు. ఉక్కు తీగ సాగదు కాబట్టి బ్రేకు లేకుండా రెండు మీటర్లు వదిలేసి ఒక్కసారిగా ఆపితే, తీగ నిలిచినా వెన్నెముక నిలవదు.

ఈ యంత్రాన్ని సినిమా పనికి తెచ్చిన ఆర్మ్‌స్ట్రాంగ్ ఇంజనీరు కాదు. 1946లో బకింగ్‌హామ్‌షైర్‌లోని ఫార్నమ్ కామన్‌లో పుట్టాడు. తండ్రి పందెం గుర్రాలకు శిక్షకుడు, కొడుకు కూడా ఔత్సాహిక జాకీగా పందేల్లో స్వారీ చేశాడు. 1966లో విడుదలైన ఒక సినిమాలో హాలీవుడ్ హీరో గ్రెగరీ పెక్‌కు బదులు గుర్రం మీద దూకడంతో స్టంట్‌లోకి వచ్చాడు. 1967లో వచ్చిన జేమ్స్ బాండ్ సినిమా కోసం పైన్‌వుడ్ స్టూడియోలో కళా దర్శకుడు కెన్ ఆడమ్ కట్టిన అగ్నిపర్వతం సెట్టులో, పైకప్పు నుంచి తాళ్ల మీద జారే నింజాల్లో అతనొకడు. అప్పుడు వాళ్ల చేతిలో ఉన్న బ్రేకు తాడు చుట్టూ ఉన్న రబ్బరు గొట్టం ముక్క. దాన్ని ఒక చేత్తో పిసికితే వేగం తగ్గుతుంది, రెండో చేతిలో తుపాకీ. గొట్టం వేడెక్కినా, పిడికిలి అలసినా వేగం చెయ్యి దాటిపోతుంది. మనిషి పట్టు మీద ఆధారపడ్డ ఆ బ్రేకుకూ, గాలి మీద ఆధారపడ్డ ఫ్యానుకూ మధ్య దూరమే ఆయన వృత్తి జీవితం అని మా అభిప్రాయం. మీ కథనం ఆ దూరాన్ని వదిలేసి తెగువ దగ్గరే ఆగిపోయింది.

డూప్‌గా ఆయన చేసిన జాబితా పెద్దది, మీరూ కొంత రాశారు: జేమ్స్ బాండ్‌గా జార్జ్ లేజన్‌బీ, రోజర్ మూర్, సూపర్‌మ్యాన్‌గా క్రిస్టఫర్ రీవ్, ఆపైన ఇండియానా జోన్స్‌గా హారిసన్ ఫోర్డ్. సూపర్‌మ్యాన్ రెండో భాగంలో కథానాయికకు డూప్ చేసిన వెండీ లీచ్‌ను పెళ్లాడాడు. ఆమె తండ్రి జార్జ్ లీచ్ బాండ్ సినిమాల స్టంట్‌మ్యాన్. 1984 నాటి ఇండియానా జోన్స్ రెండో సినిమా తీస్తుండగా ఫోర్డ్ నడుము డిస్కు దెబ్బతిని చికిత్సకు అమెరికా వెళ్లాడు. ఆ కొన్ని వారాలూ షూటింగు ఆగలేదంటే ఆర్మ్‌స్ట్రాంగ్ వల్లే. ఆయన ముఖం, ఒడ్డూపొడుగూ ఫోర్డ్‌కు ఎంత దగ్గరంటే సెట్టులోవాళ్లే పొరబడేవాళ్లు. పోలిక ఒక్కటే ఉంటే సరిపోదు. డూప్ అంటే హీరో నడక, భుజం వంచే తీరు, టోపీ సర్దుకునే చెయ్యి ఏదో తెలిసినవాడు. అది నటనే.

ఒక సవరణ తప్పనిసరిగా వేయాలి. ఇండియానా జోన్స్ వరసలోని మొదటి సినిమాలో లారీ కింద ఈడ్చుకుపోయే దృశ్యాన్ని మీరు ఆర్మ్‌స్ట్రాంగ్ ఖాతాలో రాశారు. అది చేసింది టెర్రీ లెనార్డ్ అనే అమెరికన్. 1939లో యాకిమా కనట్ గుర్రపు బండి కింద చేసినదానికి అది కొనసాగింపు. అక్కడా రహస్యం తెగువలో లేదు. లారీని మామూలు కన్నా ఎత్తు చేశారు, రోడ్డు నడుమ పొడవునా గాడి తవ్వారు, మనిషి ఆ గాడిలో జారుతూ పోయాడు.

ఆర్మ్‌స్ట్రాంగ్‌ది అని చెప్పుకోవలసింది 1989 నాటి ఇండియానా జోన్స్ మూడో సినిమాలో దౌడు తీసే గుర్రం మీద నుంచి ట్యాంకు మీదికి దూకడం. స్పెయిన్‌లోని అల్మేరియా ప్రాంతంలో తీశారు. ట్యాంకు నిజంగా నడిచేదే. జార్జ్ గిబ్స్ బృందం మొదటి ప్రపంచ యుద్ధం నమూనాలో కట్టిన భారీ బండి. నేల మీద నుంచి దూకేటప్పుడు కాలు తన్నితే నేల కదలదు, బలమంతా మనిషికే వస్తుంది. గుర్రం అలా కాదు. తన్నగానే దాని వీపు కిందికి కుంగుతుంది, తన్నిన బలంలో కొంత దానికే పోతుంది. దానికి తోడు దౌడులో వీపు లేస్తూ పడుతూ ఉంటుంది, నాలుగు కాళ్లూ గాల్లో ఉండే క్షణమొకటి వస్తుంది. వీపు లేచే ఊపులో దూకితే ఆ ఊపు కలిసొస్తుంది, కుంగే ఊపులో దూకితే మనిషి ట్యాంకు దాకా చేరడు, గొలుసు పట్టాల మీద పడతాడు. ఇనుప మోత పక్కన బెదరకుండా, దగ్గరగా, ఒకే దూరంలో పరుగెత్తేలా గుర్రాన్ని రోజుల తరబడి అలవాటు చేయాలి. దూకేవాడి నైపుణ్యం ఎంతో గుర్రానిదీ అంతే. పందెం గుర్రాల ఇంట్లో పెరిగినవాడు కాబట్టే ఆయనకది చెల్లింది.

తర్వాతి రోజుల్లో ఆయన సెకండ్ యూనిట్ దర్శకుడు, అంటే యాక్షన్ దృశ్యాల్లాంటివి విడిగా తీసే రెండో బృందానికి దర్శకుడు: పియర్స్ బ్రాస్నన్ చివరి మూడు బాండ్ సినిమాలు, 2006లో మిషన్ ఇంపాజిబుల్ మూడో భాగం, 2012 నాటి స్పైడర్‌మ్యాన్. 2002లో బ్రిటిష్ సినిమా అకాడమీ బాఫ్టా కూడా బ్రిటిష్ సినిమాకు చేసిన సేవకు గాను సత్కరించింది. పూర్తి దర్శకుడిగా తీసిన సినిమాలు వీటి ముందు తేలిపోతాయి. వాటి గురించి రాయకపోవడమే మీరు ఆయనకు చేసిన మేలు.

స్టంట్ చేస్తూనే నటులుగా నిలిచినవాళ్లను మీరు అసలు తలచలేదు. మొదటి మూడు బాండ్ సినిమాల ఆరంభంలో తెల్లటి వలయంలో నడిచొచ్చి తుపాకీ పేల్చే మనిషి హీరో షాన్ కానరీ అని చాలామంది అనుకుంటారు. అతను బాబ్ సిమన్స్, ఆ సినిమాల స్టంట్‌మ్యాన్. 1965 నాటి నాలుగో సినిమా మొదట్లో బాండ్‌తో కలబడే కల్నల్ కూడా అతనే. ఇక నోషర్ పవెల్. 1928లో లండన్ కాంబర్‌వెల్‌లో పుట్టిన హెవీవెయిట్ బాక్సరు. బరిలోంచి స్టంట్‌లోకి వచ్చి, 1987లో ఒక హాస్య చిత్రంలో హోంమంత్రిగా ప్రధాన పాత్ర వేశాడు. తమ్ముడు డిన్నీ కూడా స్టంట్‌మ్యానే. కొడుకులు గ్యారీ, గ్రెగ్ ఇద్దరూ స్టంట్ కోఆర్డినేటర్లయ్యారు. ఈ గ్రెగ్ పవెల్ మనవాళ్లకు తెలియనివాడేం కాదు, 2019లో వచ్చిన సైరా నరసింహారెడ్డికి పోరాట దృశ్యాలు కూర్చినవాళ్లలో ఒకడు.

గ్యారీ చేయించిన ఒక పనిలో స్టంట్ అంటే ఏమిటో బాగా తెలుస్తుంది. 2006 బాండ్ సినిమాలో ఆస్టన్ మార్టిన్ కారు పల్టీలు కొట్టాలి. మామూలుగా ఒక వైపు చక్రాల కింద ర్యాంపు పెట్టి కారును పక్కకు లేపుతారు. ఈ కారు 45 సెంటీమీటర్ల ర్యాంపు ఎక్కినా తిరగబడలేదు, ఎక్కి దిగి తన దారిన తాను పోయింది. కారణం దాని బరువంతా నేలకు దగ్గరగా ఉండటం. రోడ్డు మీద డ్రైవరును కాపాడే గుణమే ఇక్కడ అడ్డమైంది. చివరికి డ్రైవరు సీటు వెనక నైట్రోజన్ పీడనంతో పనిచేసే ఫిరంగి లాంటి గొట్టం బిగించి, సరైన క్షణంలో లోహపు కడ్డీని నేలకు కొట్టించి తిప్పారు. బెడ్‌ఫర్డ్‌షైర్‌లోని మిల్‌బ్రూక్ పరీక్షా మైదానంలో ఆడమ్ కిర్లీ నడిపిన ఆ కారు ఏడు పల్టీలు కొట్టి గిన్నిస్ రికార్డుకెక్కింది. గాజు, ఇంధనం, సీటు, తలకు దన్ను, లోపలి ఇనుప పంజరం, ఇవన్నీ ముందే సరిచూసుకున్న తర్వాతే మీట నొక్కేది.

లెక్క తప్పితే ఏమవుతుందో కూడా బ్రిటిష్ స్టంట్ చరిత్రలోనే ఉంది. 1985లో ఒక సినిమాలో మండే భవనం మీద నుంచి దూకాల్సిన రాకీ టేలర్ విషయంలో మంటలు అనుకున్నదానికన్నా ఎక్కువ ఎగిశాయి. దూకిన తీరు మారింది, పెట్టెల అంచున పడ్డాడు, వెన్నెముక, కటి ఎముకలు విరిగాయి. పెట్టెలు సరిగ్గానే ఉన్నాయి, మంట లెక్క తప్పింది. అంతకు ముందు 1982లో బాండ్ సినిమా ఆక్టోపసీ షూటింగులో, పీటర్‌బరో దగ్గరి నీన్ వ్యాలీ రైలు మార్గంలో, రోజర్ మూర్ డూప్ మార్టిన్ గ్రేస్ రైలు పెట్టె పక్కన వేలాడుతున్నాడు. ముందు చూసుకున్న దూరం దాటి రైలు ముందుకు పోయింది, అక్కడున్న గోడ దిమ్మ ఆయన్ను కొట్టింది. ఎక్కడ మొదలెట్టాలో అందరూ రాసుకుంటారు, ఎక్కడ ఆపాలో మాత్రం డ్రైవరు నోటిమాటకు వదిలేస్తారు. ఇలాంటి ప్రమాదాల్లో సగం అక్కడే పుడతాయి.

మూడోది మన పనికి మరీ దగ్గర. 2009 జనవరిలో లీవ్స్‌డెన్ స్టూడియోలో హ్యారీ పాటర్ సినిమా రిహార్సల్‌లో హీరో డూప్ డేవిడ్ హోమ్స్‌ను జెర్క్‌తో, అంటే ఒంటికి కట్టిన తాడుతో ఒక్కసారిగా వెనక్కి లాగినప్పుడు గోడకు కొట్టుకుని మెడ విరిగింది. ఛాతీ కింద నుంచి శరీరం చచ్చుబడింది. మన సినిమాల్లో హీరో ఒక్క గుద్దు గుద్దితే రౌడీ వెనక్కి ఎగిరిపోయేది కూడా జెర్క్‌తోనే. మన దగ్గర ఎక్కువగా క్రేనుకు పుల్లీ కట్టి, రోప్ టీమ్ చేతులతో లాగుతుంది. బ్రిటన్‌లో బరువులు జారవిడిచి లాగించే పద్ధతీ ఉంది. దీంట్లో చాలామందికి తట్టని సంగతి ఒకటుంది. తిన్నగా ఒక తాడు, ఒక బరువు ఉంటే, బరువు ఎంత పెంచినా మనిషికి అందే ఊపు నేలకు పడే వస్తువు ఊపును దాటదు. కానీ పుల్లీల ఏర్పాటు మార్చి బరువు ఒక మీటరు దిగితే మనిషి రెండు మీటర్లు కదిలేలా చేస్తే ఆ హద్దు రెట్టింపవుతుంది. కాబట్టి నిన్న బస్తాతో పరీక్షించి, ఇవాళ పుల్లీ మార్చి మనిషిని కడితే నిన్నటి పరీక్ష చెల్లదు. మూడు మీటర్ల జెర్క్ చివర మనిషి గంటకు 27 కిలోమీటర్ల వేగంలో ఉండగలడు. అక్కడ గోడ ఉంటే మూడు మీటర్ల ఎత్తు నుంచి పడ్డట్టే.

మెడకు ఎందుకు ముప్పంటే హార్నెస్ లాగేది మొండేన్ని, తల ఉన్నచోటే ఉండిపోతుంది. గడ్డం ముందే ఛాతీకి ఆనించాలి, పట్టీ కొక్కెం భుజాల నడుమ సరైన ఎత్తులో ఉండాలి. మరీ కిందికి ఉంటే మనిషి నడుము దగ్గర మడతపడతాడు. తాడు మీద రంగు టేపు చుట్టి ఆగే చోటు గుర్తు పెట్టాలి. లాగే ఆరుగురికీ లెక్క చెప్పే గొంతు ఒక్కటే ఉండాలి. డైరెక్టరు "యాక్షన్" కేకకే లాగేస్తే, దెబ్బ తినేవాడు గుద్దు అందకముందే గాల్లో ఉంటాడు.

బ్రిటన్‌లో ఈ పని అందరికీ ఇవ్వరు. 1970ల నుంచి నటుల సంఘం ఈక్విటీ, నిర్మాతలు కలిసి పెట్టుకున్న రిజిస్టరు ఉంది. అందులో చేరాలంటే పోరాటం, పడటం, స్వారీ లేదా డ్రైవింగు, జిమ్నాస్టిక్స్ లాంటి దేహ సామర్థ్యం, నీటి విద్యలు, ఈ రంగాల్లో కనీసం ఆరు విద్యల్లో అర్హత చూపించాలి. పోరాటం తప్పనిసరి. చేరిన వెంటనే ఇతరులకు స్టంట్ కూర్చే అధికారం రాదు, ఏళ్ల తరబడి పై అంచెలకు ఎక్కాలి. మన ఫైటర్స్ యూనియన్లలోనూ పరీక్ష పెట్టి తీసుకునే పద్ధతి ఉంది గానీ, రిగ్గు కట్టేవాడికి విడిగా అర్హత పత్రం అడిగే నిర్మాతలు తక్కువ. క్రేను ఆపరేటరుకు లైసెన్సు అడుగుతారు, ఆ క్రేనుకు మనిషిని కట్టేవాణ్ని మాత్రం ఏమీ అడగరు.

చివరిగా మీరు వేసిన ఫొటో. అకాడమీ తన ప్రకటనతోపాటు పెట్టిన చిత్రాల్లో ఆర్ఆర్ఆర్ దృశ్యం ఉందని గర్వంగా రాశారు, సంతోషం. ఫొటో కింద ఇద్దరు హీరోల పేర్లు, దర్శకుడి పేరు వేశారు. ఆ సినిమా పోరాటాలకు జాతీయ అవార్డు అందుకున్న కింగ్ సాలమన్ పేరు లేదు, పతాక సన్నివేశాలకు పనిచేసిన బ్రిటిష్ స్టంట్ కోఆర్డినేటరు నిక్ పవెల్ పేరూ లేదు. కొత్త ఆస్కార్ ఇచ్చేది ఈ పని చేసేవాళ్లకే. మన జాతీయ అవార్డుల్లో ఈ విభాగం అంతకన్నా ముందే వచ్చింది, 2016 సినిమాల నుంచి ఇస్తున్నారు, మొదటిది పీటర్ హెయిన్‌కు దక్కింది. 2023 సినిమాలకు గాను హను-మాన్‌కు వచ్చింది.

ఈసారి మీ సినీ విలేకరి ఏ ఫైట్ గురించి రాసినా నాలుగు సంగతులు అడిగి రాయమనండి: ఎంత ఎత్తు, కింద ఏముంది, రిగ్గు ఎవరు కట్టారు, మనిషిని కట్టకముందు ఎన్నిసార్లు బస్తాను దింపారు. చెప్పడానికి ఏ ఫైట్ మాస్టరూ వెనకాడడు. ఎవరైనా వెనకాడితే ఆ సెట్టులో ఏదో లోటుందని అర్థం. సవరణ వేసేటప్పుడు లారీ కింది మనిషి టెర్రీ లెనార్డ్ పేరు కూడా సరిచేయగలరు.

ఇట్లు,
రోప్ పనివాళ్ల తరఫున,
కృష్ణానగర్, హైదరాబాద్